తీగ క్రింది గంప

లేవీయకాండము 19: 9, 10, ద్వితీయోపదేశకాండము 23: 24



ఈ నెల మీ యొద్దకు ఒక చిన్న ప్రశ్నతో వచ్చుచున్నాను. నా పెరటిలో పండిన పండు, నేను కోయకమునుపే తానంతట తాను నేల రాలినయెడల, అది ఎవరిది? పెరడు నాది. ఎరువు నేను వేసినది. బావిలోనుండి నీళ్లు తోడి పోసిన చేతులు నావి. అట్టి పండు నీది కాక మరి ఎవరిది అని మీరందురు. నేనును అట్లే అంటిని. ఆ మాటనే నేనిప్పుడు మీ యెదుట ఒప్పుకొనవలసి వచ్చుచున్నది.

నేను చెప్పబోవునది మామిడిపండును గూర్చి కాదు, జామపండును గూర్చియు కాదు. మన పిల్లలందరు ఎరిగిన బుడ్డకాశ పండును గూర్చి. కొందరు దీనిని కుప్పంటి యందురు, మరికొందరు బుడ్డబూసర యందురు. జనగామ చెలకలలోను, మహబూబాబాదు మిరప తోటలలోను, భూపాలపల్లి వైపు పత్తి చేలలోను, మిరుగు వానలు పడిన తరువాత ఎవరును విత్తకుండనే ఈ మొక్క మొలచును. మోకాలెత్తు పెరిగి కొమ్మలు చాపును. లేత పసుపు పూవు పూయును. పూవు వాడిన తరువాత దాని అడుగుననున్న పచ్చని తొడుగు ఉబ్బి, కాగితపు బుడ్డవలె కాయను నలుదిక్కుల కప్పుకొనును. లోపలి కాయ మిరియపు గింజంత యున్నప్పుడే తొడుగు పెద్దదగును. అందుచేత పచ్చి బుడ్డను చూచి పండు నిండియున్నదని ఎవడైన తలంచిన మోసపోవును. పిల్లలు ఆ బుడ్డలను నొసటికి కొట్టుకొని టప్పుమనిపించుట మీరు చూచియుందురు. నేనును చిన్నతనమున అట్లు చేసి బడిలో దెబ్బలు తింటిని.

టమాట, వంగ, మిరప, ఆలుగడ్డ, ఇవన్నియు ఏ కుటుంబమో ఇదియు ఆ కుటుంబమే. దీనికి మెక్సికో దేశములో పెద్దన్నవంటి మొక్క ఒకటి కలదు. దానిని టొమాటిల్లో యందురు. మన నిమ్మకాయంత కాయ, దానిపైని కాగితమువంటి తొడుగు. స్పెయిను దేశస్థులు ఆ దేశమునకు రాకమునుపే అచ్చటి జనులు దానిని పండించి తినుచుండిరి. 1529వ సంవత్సరమున అచ్చటికి వెళ్లిన సహాగున్ అను ఫ్రాన్సిస్కను మిషనెరీ ఆ జనుల భాష నేర్చి, వారి జీవితమంతయు పన్నెండు పుస్తకములలో వ్రాయించెను. అందులో సంతలో కూర్చుండి ఈ జాతి కాయలమ్మువారిని సహితము మరువలేదు. సువార్త చెప్పబోయినవాడు సంతలోని కూరగాయలను కూడ లెక్కపెట్టెను గదా యని నాకతనియందు ప్రీతి. టమాట అను మన మాటయు ఆ జనుల భాషనుండి వచ్చినదే. మహబూబాబాదు మిరపకాయ సహితము ఆ ఖండమునుండి ఓడలమీద వచ్చిన పరదేశియే. పరదేశి తెచ్చినది తినకుండ మన యింట ఒక పూటయైన గడచుట లేదు.

టొమాటిల్లోను పెంచువారు రెండు సంగతులు చెప్పుదురు. ఒకటి, దానిని ఒంటరిగా నాటరాదు. మన టమాట మొక్క ఒక్కటేయైనను కాయును. టొమాటిల్లోలో మాత్రము ఒక మొక్క తన పుప్పొడితో తాను ఫలింపజాలదు, తేనెటీగ మరియొక మొక్కనుండి పుప్పొడి తేవలెను. పెరటిలో ఒక్క మొక్క మాత్రమే పెట్టినవాడు పూలు చూచును గాని కాయలు చూడడు. రెండవది, దానిని పచ్చిగానే కోయుదురు. కాయ తొడుగును నిండించి, తొడుగు చిట్లుటకు మొదలిడినప్పుడు కోసి, పైనున్న జిగురును కడిగి, కాల్చి, మిరపకాయలతో నూరుదురు. మన పచ్చి టమాట రోటి పచ్చడి వంటిదే.

బుడ్డకాశ సంగతి వేరు. దీనిని పచ్చిగా తినరాదు. పచ్చికాయలోను, ఆకులోను, పైతొడుగులోను విషగుణము కలదు. తొడుగు ఎండుగడ్డి రంగునకు తిరిగి, లోపలి పండు పసుపుగా మారవలెను. అప్పుడది తినదగినది. (పెన్నేరు, అనగా అశ్వగంధ, దానికిని కాయపైన తొడుగుండును గాని లోపలి పండు ఎఱ్ఱగా నుండును. దానిని పిల్లలు ముట్టకుండ చూడుడి.) బుడ్డకాశ పండు పండిన గుర్తు మరియొకటి కలదు. పండగానే తొడిమ విడిచి, తొడుగుతో సహా నేల రాలును. కొమ్మమీదనుండి ఎవరును దానిని కోయ నక్కరలేదు. దాని పండ్లు ఇంచుమించు అన్నియు రాలిన పండ్లే. ఈ సంగతిని జ్ఞాపకముంచుకొనుడి.

ఇక నా సంగతి. మా పాదిరి యింటి వెనుక టమాట, వంగ మళ్లు రెండు మూడు కలవు. ఆ మళ్ల గట్లమీద ఏటేట బుడ్డకాశ తానే మొలచుచుండెను. సండేస్కూలు పిల్లలు సాయంకాలము వచ్చి, మొక్కల క్రింద రాలినవి ఏరుకొని, అక్కడనే తొడుగు ఒలిచి తిని పోవుచుండిరి. నేను చూచియు చూడనట్లుండెడివాడను. అది దానమని నేను తలంచలేదు. అసలు ఏమియు తలంచలేదు.

ఒకమారు సంఘపు పనిమీద హైదరాబాదు వెళ్లితిని. అక్కడ ఒక పెద్ద అంగడిలో చల్లని పెట్టెలో, చిన్న ప్లాస్టిక్ డబ్బాలలో, ఇటువంటి పండ్లే అమ్మకమునకు పెట్టియుండిరి. అవి రస్‌భరి యనబడు జాతి. బుడ్డకాశకు పిన్నమ్మ కుమార్తె యనుకొనుడి. దక్షిణ అమెరికా కొండలలో పుట్టినది. పండు కొంచెము పెద్దది, బంగారు వర్ణము. ధర చూచితిని. గుప్పెడు పండ్లకు మా ఊరిలో ఒక పూట కూలియంత యడుగుచుండిరి. నేను కొనలేదు. కాని ఆ ధర నాతోకూడ బస్సెక్కి ఇంటికి వచ్చెను.

మరుసటి సంవత్సరము మిరుగునకు ముందే నేను పని మొదలుపెట్టితిని. క్రిందటి యేడు దాచిన పండ్లను నీళ్లలో పిసికి, అడుగునకు దిగిన సన్నని గింజలను నీడన ఆరబెట్టి, ఒక తొట్టిలో పలుచగా చల్లితిని. గింజలు ఆవగింజకంటె చిన్నవి. కావున పైన మన్ను ఎక్కువ వేయరాదు. నారు జానెడు కాగానే రెండడుగుల కొకటి చొప్పున మడిలో నాటితిని. పశువుల ఎరువు వేసితిని. మరీ ఎక్కువ వేసిన ఆకు బలియును, కాయ తగ్గును. రెండు నెలలు దాటిన తరువాత తొడుగులు వ్రేలాడ నారంభించెను. పండ్లు మన్నులో పడి పాడగుచున్నవని, పడినవి ఏరుటకు సులువని, మొక్కల క్రింద పాత గోనెసంచులు విప్పి కుట్టి పట్టగా పరచితిని. తెల్లవారుజామున లేచి పట్ట నాలుగు కొసలు పట్టి ఎత్తిన, పండ్లన్నియు నడుమకు చేరును. తొడుగుతో నుంచిన చాల దినములు నిలుచును. మా యింటావిడ బెల్లముతో ఉడికించి సీసాలలో పెట్టెను.

మడి చుట్టు ముండ్లకంప నాటితిని. అది మేకల కొరకు అని నేను పిల్లలతో చెప్పితిని. మా వీధిలో మేకలున్నవి, అబద్ధము కాదు. అయితే మేకలు అంతకుముందు సంవత్సరములందును ఉండెను.

సంఘములో ఒక వృద్ధ విధవరాలు కలదు. నలుబది యేండ్లు ఇతరుల చేలలో కలుపు తీసినది. పండుగకు ముందు గుడి ఆవరణములో గడ్డి తీయుటకు వచ్చి, దాహమునకు మా పెరటిలోనికి వచ్చెను. నీళ్లు త్రాగి, మడి తట్టు చూచి, కొంతసేపు నిలిచెను.

“గిదేంది అయ్యగారూ, చెట్ల కింద పట్ట పరిచిన్రు?”

“పండ్లు మన్నుల పడుతున్నయి, అందుకు పరిచిన” అంటిని.

“రాలినయి గూడ మీకేనా?” అని ఆమె అడిగెను. ఎత్తిపొడుపుగా అడుగలేదు. తెలియక అడుగువారివలె అడిగి, కొడవలి చేతపట్టుకొని వెళ్లిపోయెను.

నేను సెమినరీలో చదివిన దినములలో ధర్మశాస్త్రమును గూర్చిన పాఠములయందు యూదుల మిష్నాను కొంత చదివించిరి. అది క్రీస్తుశకము 200 ప్రాంతమున యూదా అను బోధకుడు సమకూర్చిన న్యాయవిధుల సంపుటి. దానిలో పేయా అను భాగము, అనగా పొలము ఓర అని అర్థము, బీదల హక్కులను గూర్చినది. ఆ రాత్రి దీపము పెట్టుకొని నా పాత నోటుపుస్తకము తీసితిని. లేవీయకాండములో ద్రాక్షతోటలో రాలిన పండ్లను బీదలకును పరదేశులకును విడువవలెనని మోషే చెప్పినదానికి పెద్దలు చేసిన వివరణ అందులో నున్నది. ద్రాక్షలు కోయునప్పుడు తీగ క్రింద గంప పెట్టినవాడు బీదలను దోచుకొన్నవాడని వారు తీర్పు చెప్పిరి. నేల నంటకమునుపే రాలిన పండును పట్టుకొనుచున్నాడు గనుక.

ఇరువదియైదు సంవత్సరముల క్రిందట ఆ మాటను నా చేతితోనే వ్రాసికొంటిని. క్రింద గీత గీచికొంటిని. పరీక్షలో దానికి మార్కులు కూడ వచ్చియుండవచ్చును.

ప్రియులారా, పట్టుబడిన మనుష్యుని మనస్సు ఎంత చురుకుగా పని చేయునో ఆ రాత్రి తెలిసికొంటిని. వెంటనే నేను తప్పించుకొను త్రోవ వెదకితిని. అదియు ఆ నోటుపుస్తకములోనే దొరికెను. ఓర విడుచు విధి ఎటువంటి పంటకు వర్తించునని ఆ పెద్దలే లెక్కించిరి: అది ఆహారమై యుండవలెను, యజమానుడు కాపాడునదై యుండవలెను, భూమినుండి మొలచినదై యుండవలెను, ఒక్కసారే కోతకు వచ్చునదై యుండవలెను, నిలువచేయునదై యుండవలెను. కూరగాయలు నిలువయుండవు గనుక వాటికి ఆ విధి లేదు. బుడ్డకాశ ఒక్కసారే కోతకు రాదు. దినమునకు నాలుగు చొప్పున రాలును. ఇక రాలిన పండ్ల విధి యందువా, అది ద్రాక్షలను గూర్చినది. రెండు విధముల నేను నిర్దోషిని. దీపము ఆర్పి పండుకొంటిని. నిద్ర రాలేదు.

ఎందుచేతననగా, సీసాలు అలమారులో నుండెను. నిలువయుండదు అను త్రోవను నేనే మూసివేసితిని.

మరియొక వాక్యము కూడ నన్ను విడువలేదు. పొరుగువాని ద్రాక్షతోటలోనికి వెళ్లినవాడు కడుపునిండ తినవచ్చును గాని పాత్రలో వేసికొనరాదని ద్వితీయోపదేశకాండము 23వ అధ్యాయములో నున్నది. ఈ విధిని మనము ఎప్పుడును బీదవానికి చదివి వినిపించుదుము: తినుము, మూట కట్టకుము. మంచిదే. కాని ఈ రెండు మాటలను ప్రక్క ప్రక్కన పెట్టి చూడుడి. త్రోవనుపోవువాడు పాత్ర తేరాదు. యజమానుడు తీగ క్రింద గంప పెట్టరాదు. ఇరువురికిని గంపను గూర్చియే ఆజ్ఞ. మా సండేస్కూలు పిల్లలు ఏండ్ల తరబడి వచ్చిరి. ఒక్కడైనను సంచి తేలేదు. పలుకలు పట్టిన చేతులతో ఏరుకొని, ఆ చేతులతోనే తిని వెళ్లిరి. ధర్మశాస్త్రము ఎరుగకయే వారు దానిని గైకొనిరి. గంప పెట్టినది నేను.

ఇందులో నాకు మిక్కిలి ఆశ్చర్యము కలిగించిన సంగతి వేరొకటి. ఆ పండ్లు నావి అని నాకు ఎప్పుడు తోచెను? విత్తినప్పుడు కాదు, అప్పటికి నేను విత్తనేలేదు. నీళ్లు పోసినప్పుడును కాదు. హైదరాబాదులో ధర చూచినప్పుడు తోచెను. అంతకుముందు అవి ఎవరివియు కావు, అందరివియు. ఒకరు వెల కట్టగానే నాకు కంప నాటవలెనని బుద్ధి పుట్టెను. కష్టపడినవాడు ఫలము ననుభవించుట న్యాయమే. పౌలును అట్లే వ్రాసెను. నేను పడిన కష్టమును నేను కాదనుట లేదు. కాని నా కష్టము ధర వెనుక వచ్చినది గాని ధరకు ముందు రాలేదు. మన పొలములలోను, మన యిండ్లలోను ఇట్టివి ఇంకెన్ని కలవో మీరే చూచుకొనుడి.

ఇంతవరకు పెరటి మాట. ఇప్పుడు చేని మాట చెప్పక తప్పదు. ఎందుకనగా పెరటిలో నాకు పట్టిన గతి చేలలో మీలో కొందరికి పట్టియున్నది. అక్కడ సంగతి నా సీసాలంత తేలికయైనది కాదు.

మెక్సికోలో మక్క చేలలో టొమాటిల్లో తానుగా మొలచినయెడల, కలుపు తీయు రైతులు దానిని తీయక విడిచిపెట్టు వాడుక బహుకాలమునుండి కలదు. మన చేలలోను కలుపు తీయు స్త్రీలు అట్లే చేయుదురు. చేయి వరుసగా పోవుచు పోవుచు బుడ్డకాశ యొద్ద ఒక్క క్షణము ఆగి, ప్రక్కకు జరుగును. ఇంటికి పోవునప్పుడు కొంగున నాలుగు పండ్లు కట్టుకొందురు. చేయి ఎరుగును, ఏది తీయవలెనో ఏది విడువవలెనో. గడ్డిమందు దాని నెరుగదు. పంపు వీపున వేసికొని కొట్టినప్పుడు అంతయు ఒక్కటిగానే మాడును. కలుపు తీసిన చేతికి దొరకు కూలియు మాడును.

మందును గూర్చి ప్రభుత్వము చెప్పినది మీకు తెలిసియుండవలెను. గ్లైఫోసేటు అను గడ్డిమందును రైతులు తామే చల్లరాదని, అనుమతి పొందిన చీడనివారణ పనివారే వాడవలెనని 2022వ సంవత్సరమున కేంద్ర ప్రభుత్వము ఉత్తరువు ఇచ్చెను. ఆ మందు కొట్టినను చావని పత్తివిత్తనము మన దేశములో అనుమతి పొందినది కాదు. అయినను ఏ ఊరిలో ఏమి జరుగుచున్నదో మీరెరుగుదురు, నేనెరుగుదును.

మా సంఘములో ఒక పెద్ద కలడు. నాలుగెకరముల పత్తి. భక్తిగలవాడు, దశమభాగము తప్పనివాడు. అతనితో నేనీ మాట యెత్తితిని. అతడు కోపగించలేదు. “అయ్యగారూ, కూలోల్లు దొరుకుతలేరు. దొరికిన దినం నా చేతుల పైసల్లేవు. వాన పడ్డదంటె పది దినాలల్ల కలుపు పత్తిని మింగుతది. అప్పుకు మిత్తి ఆగుతదా? మీరు పెరట్ల నాలుగు చెట్లు పెట్టి మాట్లాడుతున్నరు” అనెను. ఆ చివరి మాటకు నాయొద్ద జవాబు లేకపోయెను. ఇప్పటికిని లేదు. అప్పులో మునిగిన రైతుమీద వాక్యమును మోపుట నాకు చేతకాదు. వాని భారము ఎవరు మోయుదురో చెప్పకుండ ఓర విడువుము అని చెప్పుట సులువు.

కొందరు బోధకులు ఇచ్చట మత్తయి సువార్త 13వ అధ్యాయము చదువుదురు. గురుగులను పెరుకవద్దని యజమానుడు చెప్పెను గదా, కావున కలుపును విడువవలెనందురు. నేనును ఒకమారు అట్లు ప్రసంగించితిని. అది తప్పు ప్రసంగము. గురుగులను యజమానుడు ప్రేమించి విడువలేదు. గ్రీకు మూలములోని జిజానియా అను ఆ మొక్క గోధుమను పోలియుండును గనుక, దానిని పెరికిన గోధుమయు ఊడివచ్చునని విడిచెను. కోతకాలమున దానిని కాల్చుమనియే చెప్పెను. బుడ్డకాశను గురుగుతో పోల్చుట దానికి అన్యాయము. దానికి తగిన వాక్యము లేవీయకాండములోనిదే. అది పంటకు శత్రువని కాదు, మిత్రుడని కాదు, అది ఎవరి నోటికి అందుచున్నది అనునదే అక్కడి ప్రశ్న. ఆ నోరు గలవారు మన సంఘములోనే, చాపమీద ముందు వరుసలో కూర్చుందురు. మందు కొట్టు పెద్ద కుర్చీమీద వెనుక కూర్చుండును. ఒకే రొట్టె ఇరువురికిని విరుచువాడను నేను.

మిష్నా పెద్దలు మరియొక కఠినమైన మాట చెప్పిరి. పరిగె ఏరుకొననియ్యనివాడే కాదు, ఒకరిని రానిచ్చి ఒకరిని రానియ్యనివాడును, వారిలో ఒకరికి తోడ్పడినవాడును బీదలను దోచినవాడే. అనగా అది యజమానుని దానము కాదు, తన కిష్టమైనవారికి పంచుటకు అతనికి అధికారము లేదు. ఇది మన బోయజునకు కొంచెము చిక్కు తెచ్చును. అతడు రూతుకొరకు పనలలోనుండి బుద్ధిపూర్వకముగా పిడికెళ్లు విడువుమని పనివారితో చెప్పెను గదా. ఆ పెద్దలు అతనిని ఏమందురో! నేనైతే బోయజును క్షమించుదును. కాని నేను పిల్లలను పిలిచి సీసాలోని జాము చెంచాతో పంచిన, అది బోయజు కార్యము కాదు. వారినుండి తీసికొని వారికే ఇచ్చి కృతజ్ఞత కోరుట యగును. అందుచేత ఆ పని చేయలేదు.

మరుసటి దినము గోనెపట్ట తీసివేసితిని. కంప ఒక ప్రక్క తెరచితిని. పిల్లలు వారము దినములు రాలేదు. కంప నాటుట ఒక్క పూట పని. అది పిల్లల మనస్సులోనుండి ఊడుటకు ఎక్కువ కాలము పట్టును. పండ్లు రాలి మన్నులో పడియుండెను, చీమలు పట్టెను. వాటిని ఏరవలెనని నా చేతులు దురద పెట్టెను. ఏరలేదు. ఎనిమిదవ దినమున ఒక చిన్నది, చెల్లెలిని చంక నెత్తుకొని, తెరచిన చోట నిలిచి నా తట్టు చూచెను. నేను తల త్రిప్పుకొని వంగ మడికి నీళ్లు కట్టితిని.

తరువాత కోత పండుగ వచ్చెను. పండుగ ఆచారము మన యందరికిని తెలిసినదే. డోర్నకల్లు ఇప్పుడు మహబూబాబాదు జిల్లాలో నున్నది. 1912వ సంవత్సరము డిసెంబరు 29న బిషప్పుగా అభిషేకింపబడి, ఆ అధ్యక్షమండలమును నడిపిన అజరయ్యగారు, ఆంగ్లికను సంఘములో ఆ పదవికి వచ్చిన మొదటి భారతీయుడు. ఇచ్చుట అనునది ధనవంతులకే కాదు, కూలివారి సంఘమునకును చెందిన భాగ్యమని ఆయన బోధించెను; క్రైస్తవ దానమును గూర్చి పుస్తకము వ్రాసెను. 1939వ సంవత్సరము జనవరి 6న ప్రతిష్ఠింపబడిన ఆ దేవాలయమును మీలో అనేకులు చూచియున్నారు. మన దేశపు గుడుల పోలికయు మసీదుల పోలికయు కలిసిన కట్టడము. ఏ సంఘమువారమైనను మన ప్రాంతమున అందరము కోత పండుగకు వడ్లు, మక్కలు, కోళ్లు, గుమ్మడికాయలు తెత్తుము. వంటకు ముందు పిడికెడు బియ్యము తీసి దాచి తెచ్చు తల్లులును కలరు.

ఆ పండుగనాడు ఆ వృద్ధురాలు ఒక సత్తు పళ్లెములో బుడ్డకాశ పండ్లు తెచ్చెను. తొడుగులన్నియు ఒలిచి, కడిగి, పైన ఒక బంతిపూవు పెట్టెను. అవి నా పెరటివి కావు. ఆ పెద్ద చేని గట్టున, మందు పడని మూలలో ఏరినవి. ఆరాధన ముగిసిన తరువాత వేలము పెట్టితిమి. కోళ్లు పోయెను, గుమ్మడికాయలు పోయెను. పళ్లెము ఎత్తగా పాట పాడువాడు లేడు. పిల్లలు నవ్విరి. ఆ పెద్దయు నవ్వి, “ఇవి మా చేనువే గదా, నా వస్తువ నేనే కొనాల్నా?” అనెను. హాస్యమునకే అనెను. జనులును నవ్విరి.

ఆమె చాపమీదనుండి లేవకయే చెప్పెను: “తమ్మీ, నీ చేన్ల ఉన్నప్పుడు కలుపు అన్నవు. గుడికి తెచ్చినంక నీదైందా?”

ఒక నిమిషము ఎవరును మాటలాడలేదు. అతడు తల వంచుకొని కూర్చుండెను. కోపమో, సిగ్గో, నేను పోల్చుకొనలేకపోతిని. మూలనుండి ఒక పడుచువాడు ఇరువది రూపాయలనెను. మరియొకరు ముప్పది యనిరి. ఏబదికి పళ్లెము పోయెను. కొన్నవాడు పండ్లను పిల్లలకు పంచి, పళ్లెము ఆమెకు తిరిగి ఇచ్చెను. ఆ ఏబది రూపాయలు ఎవరి పేర వ్రాయవలెనని కోశాధికారి నన్నడిగెను. ఆమె పేర వ్రాయుమంటిని. ఆ పెద్ద విని, “వ్రాయుండ్రి” అని మాత్రము అనెను.

ఈ సంవత్సరము మిరుగు వాన ఆలస్యముగా పడినది. మా మడి గట్టున మొక్కలు రెండాకులతో లేచినవి. ఈసారి నేను విత్తలేదు. ఆ పెద్ద చేనిలో ఇప్పటికి ఏమి జరిగినదో నేను విచారింపలేదు. రేపు ఆదివారము అతడును ఆమెయు బల్లయొద్దకు వత్తురు. నా సీసాలలో చివరిది ఇంకను అలమారులో నున్నది. దాని నేమి చేయవలెనో మా యింటావిడకును నాకును ఇంకను పొసగలేదు.